కార్తీక్ గొంతు

పప్పు ఎనుపుతుండగానే ముందు గదిలోంచి కేక వినబడింది. "అర్చనా, ఆ పాత ప్లగిన్ కనపడ్డంల్యా, వచ్చి సూడు!"

ప్రొద్దుటూరులో వాళ్లింటి ముందు గదే కార్తీక్ రికార్డింగ్ స్టూడియో; ఆటోలకు మైకు కట్టి ఊళ్లలో తిప్పే ప్రకటనలు అక్కడే తయారవుతాయి. కంప్యూటర్ కొత్తది, దాంట్లో సాఫ్ట్‌వేరూ కొత్తదే. ప్లగిన్ మాత్రం పాతది. దాన్ని సాఫ్ట్‌వేర్‌కు తగిలిస్తే ఆడ గొంతు మగ గొంతవుతుంది.

పెళ్లైన కొత్తలో కార్తీక్‌కు గొంతు పట్టేస్తే, చీరల షాపు ప్రకటన అర్చన చదివింది. అత్త గురమ్మ విని, "మన ఇంటి కోడలి గొంతు ఆటోకు కట్టి దువ్వూరు, రాజుపాలెం తిప్పుతావంట్రా? సిగ్గుండల్ల" అంది. కార్తీక్ ఆ గొంతును మగ గొంతు చేశాడు. అది బాగా అమ్ముడుపోయింది. అప్పటినుంచీ పొయ్యి మీద కూర ఉడుకుతుంటే, బకెట్లో బట్టలు నానుతుంటే ఆమె చదువుతూనే ఉంది. "ఏం గొంతప్పా కార్తీకూ నీది!" అని ఊరు మెచ్చుకుంటూనే ఉంది. ఒకరోజు బజారులో ప్రకటన ఆటో పక్కనుంచే పోయింది. "మీ ఆయన ఇంట్లో మాట్లాడ్తాంటే వినబుద్ధయితాదేమో కదమ్మా" అంది కూరగాయలామె. అర్చన బీరకాయలు ఏరుకుంటూ నవ్వింది. ఏడుద్దామన్నా ఆ గొంతుతో ఏడవాలో, ఈ గొంతుతో ఏడవాలో తెలియలేదు.

"పొద్దున నువ్వు చదివింది అట్లే ఉంది. జమ్మలమడుగులో జియావుల్లా కొత్త షాపు. సాయంత్రానికి ఆటో కదలల్ల. ఆ గొంతే కావల్లంటాండాడు" అన్నాడు కార్తీక్.

పాత ప్లగిన్ ముప్పై రెండు బిట్లది, కొత్త సాఫ్ట్‌వేర్ అరవై నాలుగు బిట్లవే తీసుకుంటుంది. రెంటికీ మధ్య వంతెనలా పనిచేసే చిన్న ప్రోగ్రామ్ ఒకటి ఉంది. అతను నిన్న బయటికి వెళ్లినప్పుడు అర్చన దాన్ని వెతికి పట్టుకుంది, పెట్టి చూసింది. మగ గొంతు చక్కగా పలికింది. విన్నంతసేపూ ఎవరో తన నోరు మూసి పట్టుకున్నట్టే ఉంది. వెంటనే తీసేసింది.

ఇప్పుడు కుర్చీలో కూర్చుని, అటూ ఇటూ నొక్కి చూసినట్టు చేసింది.

"ఇది దీంట్లో నడవదు మామా."

"నడవదా! మరెట్ల?"

"చదివింది ఉందిగదా. ఉన్నదున్నట్టు పంపు."

కార్తీక్ తల్లి ఉన్న వంటింటి వైపు చూసి గొంతు తగ్గించాడు. "అమ్మ ఇంటే? జియావుల్లా ఎవరిదీ గొంతని అడిగితే ఏం జెప్పల్ల?"

"ఇన్నాళ్లూ విన్నదే అని చెప్పు."