గుంపు గొంతులు

కార్టూన్ సినిమాకి గుంపు గొంతులు కావాలని స్టెల్లా ఫోను చేస్తే రూతమ్మకి నవ్వొచ్చింది. స్టెల్లా ఆమె చెల్లెలి కూతురు. ఏలూరులో ఒక డబ్బింగ్ గదిలో పనిచేస్తుంది.

"మా ఆర్టిస్టులు అరిస్తే పేపరు చదివినట్టుంటోంది పెద్దమ్మా. మీ షెడ్డు వాళ్ళని తీసుకురండి."

పెదపాడు దగ్గర రొయ్యల షెడ్డులో రూతమ్మతో కలిసి తలలు తీసే ఆడవాళ్ళు తొమ్మిదిమంది ఆదివారం ఆరాధన అయ్యాక ఆటో ఎక్కారు. గోడలకి బొంతలు కొట్టిన ఆ గదిలో, తెర మీద ఒక బొమ్మల పట్నం కనబడింది. రెక్కల వీరుడు గొలుసులతో పడి ఉన్నాడు. రాజు ఊరి నీళ్ళన్నిటికీ తాళం వేసుకుని కోటలో కూర్చున్నాడు. జనం వీధుల్లోకి వచ్చి తలుపు తియ్యమని అరవాలి.

మూడుసార్లు అరిచారు. మూడుసార్లూ చర్చిలో ఆమెన్ అన్నట్టే ఉంది.

"నిజంగా ఎవరి మీద కోపముందో వాళ్ళని తలుచుకోండమ్మా" అన్నాడు సౌండు చూసే రిజ్వాన్.

షెడ్డులో మరుగుదొడ్డికి తాళం ఉంటుంది. తాళంచెవి సూపర్‌వైజర్ ఆనంద్ పాల్ జేబులో ఉంటుంది. పూటకి ఒక్కసారే ఇస్తాడు, అదీ అందరి ముందూ అడిగితే.

నాలుగోసారి గది అదిరింది. అందరికంటే పైన రూతమ్మ గొంతు వినబడింది. "తలుపు తియ్యరా పాలూ, తాళంచెవి నీ అబ్బ సొత్తా?"

ఐదో నెల కడుపుతో ఉన్న సువర్ణ నవ్వు ఆపుకోలేక కుర్చీలో కూలబడింది. "నువ్వు సినిమాల్లోకెళ్ళిపోవచ్చక్కా."

రిజ్వాన్ ఆ ముక్కని సినిమాలోంచి తీసేశాడు గాని, సరదాకి ఫోనులో స్టేటస్ పెట్టాడు. బుధవారానికి అది షెడ్డు చేరింది.

గురువారం పొద్దున ఆనంద్ పాల్ బల్లల మధ్య నిలబడి దాన్ని అందరికీ వినిపించాడు.

"ఎవరండి ఇది?" అని మెత్తగా అడిగాడు.

ఆ బొమ్మల పట్నంలో అయితే ఒకరి వెనక ఒకరు ముందుకొచ్చారు, రాజు వణికాడు. ఇక్కడ ఎవరూ కదల్లేదు. తొమ్మిదిమందీ వంచిన తలలు వంచినట్టే రొయ్యలు వలుస్తున్నారు. రూతమ్మకి యాభై దాటింది, ఇంకే షెడ్డూ తీసుకోదు. ఇంట్లో పక్షవాతంతో మంచాన పడ్డ యోసేపుకి ఆమె పనే ఆధారం. అయినా తనవల్ల అందరికీ పని పోకూడదనుకుంది.

"నేనేనండి."

"తెలుసండి రూతమ్మ గారూ. చర్చిలో మీ పాట ప్రతి ఆదివారం వింటాను గదా."

తాళంచెవి తీసి ఆమె తడి గ్లవ్స్‌లో పెట్టాడు. "ఇకనుంచి మీరే ఇవ్వండి. మనిషికి పూటకి ఒక్కసారి. పుస్తకంలో పేరు రాయండి. ఒక్కటి ఎక్కువైనా మీరు రేపట్నుంచి రానక్కర్లేదు."

నా వల్ల కాదనాలని నోరు తెరిచింది.

"సరేనండి" అంది.

పదిన్నరకే సువర్ణ వంతు అయిపోయింది. పన్నెండు దాటాక, భోజనాల గంట ఇంకా కొట్టకముందే, ఆమె బల్ల దగ్గర కాళ్ళు మార్చి మార్చి నిలబడుతోంది. రూతమ్మ వెళ్ళి తాళంచెవి చేతిలో పెట్టబోయింది.

"వెళ్ళిరామ్మా. నేను రాయనులే."

సువర్ణ తలెత్తలేదు. "పైన కెమెరా ఉందిగాండి. మీ పని పోతాది."

"పోతే పోనీ."

ఆ మాట అంది గాని, తాళంచెవి మీద వేళ్ళు సడలలేదు. సువర్ణ ఆ వేళ్ళ వంకే చూసి, మళ్ళీ రొయ్యల్లో చెయ్యి పెట్టింది.

కాసేపటికి ఆమె చీర కుచ్చిళ్ళు తడిసి, పాదాల చుట్టూ మడుగు కట్టింది. పక్కవాళ్ళు చూడనట్టే పని చేసుకుంటున్నారు. రూతమ్మ రబ్బరు గొట్టం లాక్కొచ్చి, ఐస్ నీళ్ళు కడిగినట్టు ఆ నేలంతా కడిగింది.

సాయంత్రం ఆనంద్ పాల్ పుస్తకం తిప్పి చూశాడు. మనిషికి పూటకి ఒక్కటే ఉంది.

"బాగా చూసుకున్నారండి" అన్నాడు.