పెరగని కిస్తీ

ఇంటి అప్పుకు పదేళ్ళు నిండిన రోజున సాయిప్రసాద్ కిలో జిలేబీ తెచ్చాడు. అతడు బీర్కూర్ రోడ్డులోని రైస్‌మిల్లులో కాంటా దగ్గర సూపర్‌వైజరు. ఒంటికంటిన ఊక దుమ్ము దులుపుకోకుండానే పొట్లం తెచ్చి తల్లి ఒళ్ళో పెట్టాడు.

"సగం తీరింది అవ్వా! ఇంకో పదేండ్లు కండ్లు మూసుకుంటే ఇల్లు మనది."

భూమవ్వ ఒక ముక్క తుంచి నోట్లో వేసుకుంది. "అంటే ఇగ దిగుడేనా?"

"దిగుడే. ఎక్కుడు అయిపోయింది."

వంటింట్లోంచి శ్రీలత ఆ మాటలు విని నవ్వుకుంది. ఆమె సంతోషానికి ఇంకో కారణం ఉంది. కూతురు సంజనకు హైదరాబాదులో ఒక ప్రైవేటు నర్సింగ్ కాలేజీలో సీటు వచ్చింది. ఫీజు, హాస్టలు కలిపి మొదటి ఏడాదికే లక్షన్నర దాకా కావాలి. సగం అప్పు తీరిన ఇల్లు చేతిలో ఉంది కాబట్టి, దాని మీదనే ఇంకో లక్షన్నర ఇమ్మని అప్పిచ్చిన ఫైనాన్స్ కంపెనీని అడగొచ్చని భార్యాభర్తలిద్దరూ అనుకున్నారు. అదేమంత కష్టమైన పని అనిపించలేదు. పదేళ్ళలో ఒక్క నెల కూడా కిస్తీ తప్పిన వాళ్ళు కాదు. పండుగలకు బట్టలు మానుకున్నారు గాని కిస్తీ ఆపలేదు.

నిజానికి ఇల్లు కావాలని పట్టుబట్టింది శ్రీలతే. అప్పట్లో పాత బస్టాండు వెనక రెండు గదుల్లో కిరాయికి ఉండేవాళ్ళు. ఇంటి ఓనరమ్మ పొద్దున అరగంట మాత్రమే మోటారు వేసేది. చుట్టాలొస్తే, ఎన్ని రోజులుంటారని వాళ్ళ ముందే అడిగేది. ఒకసారి సంజన గోడ మీద పెన్సిలుతో గీతలు గీస్తే నెలంతా దెప్పింది. ఆ రోజుల్లో శ్రీలత మొగుడితో అన్న మాట ఆమెకిప్పటికీ గుర్తే. "నెలనెలా నాలుగు వేల కిరాయి గాలికి పోతున్నది. ఇంకిన్ని కలిపి కిస్తీ కట్టినమనుకో, ఇల్లన్న మిగులుతది."

ఊరి చివర కొత్త కాలనీలో ఇల్లు దొరికింది. కంపెనీ పన్నెండు లక్షలిస్తానంది. మిగతా అయిదు లక్షలు చేతిలో లేవు. భూమవ్వకు తల్లిగారిచ్చిన ఇరవై గుంటల పొలం బీర్కూరు దగ్గర కాలువ కింద ఉండేది. రెండు పంటలు పండే నేల. దాన్ని అమ్మే కాగితం మీద వేలిముద్ర వేసే ముందు ఆమె కోడలినే చూసి అడిగింది.

"గా పైసలు ఎటన్న పోతయా?"

"ఎటు పోతయ్ అత్తమ్మా? ఇంట్లనే ఉంటయి గదా," అంది శ్రీలత.

ఆ మాట అన్నప్పుడు ఆమె నమ్మే అంది.

జిలేబీ తిన్న మరుసటి వారం ఇద్దరూ కంపెనీ ఆఫీసుకు వెళ్ళారు. టైర్ల దుకాణం మీద మొదటి అంతస్తు. అప్పులు చూసే ఆఫీసరు పండరి అని ముప్ఫై ఏళ్ళ కుర్రవాడు, జుక్కల్ వైపు నుంచి వచ్చినవాడు. మర్యాదగా కుర్చీలు చూపించి, మంచినీళ్ళు తెప్పించి, నంబరు కొట్టి కంప్యూటర్ చూశాడు. చూసినకొద్దీ అతని మొహంలో నవ్వు తగ్గింది.

"సార్, మీకు దీని మీద టాప్ అప్ అప్పు రాదు. మీ జీతాలకు ఈ కిస్తీనే ఎక్కువైతుంది. అప్పు కూడా ఇంకా బాగ ఉంది."

"బాగ అంటే?" అన్నాడు సాయిప్రసాద్. "సగం పోయింది గదా."

"తొమ్మిది లక్షల నలభై వేలు ఉంది సార్."

సాయిప్రసాద్ నవ్వాడు. నంబరు తప్పు కొట్టి వేరేవాళ్ళ అప్పు చూస్తున్నాడనుకున్నాడు. "మంచిగ చూడు తమ్మీ. నెలకు పదకొండు వేల చిల్లర, పదేండ్లు కట్టినం. మేం తెచ్చుకున్నదే పన్నెండు. పదమూడు లక్షలకు పైనే కట్టినం."

"కట్టిండ్రు సార్. మీది చాలా మంచి రికార్డు." పండరి స్క్రీను వాళ్ళ వైపు తిప్పాడు. "మొదట్ల కిస్తీ అంతా వడ్డీకే పోతది. అసలుకు కొంచెమే పడతది. అప్పు ఎక్కువ ఉన్నప్పుడు వడ్డీ ఎక్కువ కదా. మూడేండ్ల కింద వడ్డీ రేట్లు పెరిగినయి. మీకు తొమ్మిదిన్నర ఉండె, పన్నెండు దగ్గరికి వచ్చింది. అప్పటి నుంచి మీరు కట్టే పదకొండు వేలల్ల అసలుకు పదిహేను వందలు కూడా పోతలేదు."

"కిస్తీ పెరగలేదు గదా," అంది శ్రీలత.

"కిస్తీ పెంచలేదు మేడం. ఏండ్లు పెంచినం."

కింద టైరులోంచి గాలి వదిలిన చప్పుడు వచ్చింది.

"ఎన్ని ఏండ్లు ఉన్నయ్ ఇంకా?"

"పదిహేను, మేడం. కొంచెం తక్కువ."

పదేళ్ళు కట్టాక పదిహేనేళ్ళు. సాయిప్రసాద్‌కు నలభై ఆరు. మిల్లులో అరవై దాటినవాణ్ణి కాంటా మీద ఉంచుకోరు.

"మాకు ఎవరు చెప్పిండ్రు?" అని అతడు లేచి నిలబడ్డాడు. "ఎవల్నడిగి పెంచిండ్రు?"

"మెసేజ్ పోయింది సార్. రేటు మారినప్పుడల్లా పోతది."

మెసేజ్ వచ్చిన సంగతి శ్రీలతకు గుర్తుంది. ఇంగ్లీషులో వచ్చింది. అప్పుడు మొగుడే ఫోను తెచ్చి ఆమెకు చూపించాడు. అందులో వాళ్ళిద్దరూ చదివింది ఒకే ముక్క, నెల కిస్తీలో మార్పు లేదని. ఆ వారమంతా సాయిప్రసాద్ మిల్లులో అందరికీ చెప్పుకున్నాడు, బ్యాంకులో తెచ్చుకున్నవాళ్ళకు పెరిగిందట, మాకు పైసా పెరగలేదని. ఆ ముక్క పక్కనే ఉన్న నెలల సంఖ్యను ఇద్దరూ చూడలేదు. శ్రీలత ప్రైవేటు స్కూల్లో లెక్కల టీచరు. ఏటా ఎనిమిదో తరగతికి వడ్డీ లెక్కలు నేర్పుతుంది. ఆ పుస్తకంలో అప్పు చేసేవాళ్ళంతా రెండేళ్ళకో మూడేళ్ళకో తీర్చేస్తారు, జవాబు ఎప్పుడూ చిల్లర లేకుండా వస్తుంది. పాతికేళ్ళ లెక్క ఒక్కటీ లేదు. తన ఇంటి లెక్కను తెల్లకాగితం మీద పెట్టి చూడాలని ఆమెకు పదేళ్ళలో ఒక్కసారీ తోచలేదు.

"మధ్యల ఎప్పుడన్న కొంత అసలుకు కట్టి ఉంటే వేరే ఉండేది మేడం," అన్నాడు పండరి జాలిగా. "మొదటి మూడేండ్లల్ల ఒక లక్ష కట్టినా, ఇయ్యాలకు ఆరేండ్లు తగ్గేది."

మూడో ఏట వాళ్ళ చేతికి సరిగ్గా లక్ష వచ్చింది, చిట్టీ ఎత్తిన డబ్బు. దాంతో ప్రహరీ కట్టించి నెమళ్ళ బొమ్మలున్న ఇనుప గేటు పెట్టించారు. నెమళ్ళు కావాలన్నది శ్రీలత. ఇద్దరూ మెట్లు దిగి కిందికి వచ్చారు. సాయిప్రసాద్ బండి స్టార్ట్ చేసి, ఆమె ఎక్కిందో లేదో చూడకుండానే ముందుకు పోనిచ్చి, పది గజాల తర్వాత ఆగాడు.

సంజనకు ఎవరూ చెప్పనక్కర్లేకపోయింది. తల్లిదండ్రుల మొహాలు చూసి, రాత్రి అన్నాల దగ్గర తనే అంది. "ఈడనే డిగ్రీల చేరుత మమ్మీ. నర్సింగే చదవాల్నని ఏముంది?"

"నువ్వు నోర్మూసుకొని తిను," అంది శ్రీలత. తర్వాత మొగుడి వైపు తిరిగి, మధ్యాహ్నం నుంచి లోపల తిప్పుకుంటున్న మాట బయట పెట్టింది. "ఇల్లు అమ్ముదం."

సాయిప్రసాద్ కంచంలోంచి చెయ్యి తీసేశాడు. "పిచ్చి లేసిందా? ఇల్లు అమ్ముకున్నోడు అనరా? రేపు మిల్లుల మొఖమెట్ల చూపియ్యాలె?"

"ఇంకా పదిహేనేండ్లు కడితే ఇంకో ఇరవై లక్షలు. లెక్క పెట్టిన ఇయ్యాల. గా మొఖానికి ఇరవై లక్షలా?"

"ఇల్లు కావాల్నని నా పానం తీసింది ఎవరు? నువ్వు గాదా? కిరాయి గాలికి పోతున్నదని రోజూ పాట పాడితివి!"

"నేనే. నేనే పాడిన. అందుకే నేనే చెప్తున్న. నా తప్పుకు నా బిడ్డ సీటు పోవద్దు."

అతడు లేచి చెయ్యి కడుక్కోకుండానే వాకిట్లోకి వెళ్ళిపోయాడు. అప్పటిదాకా గోడకు ఆనుకుని కూర్చున్న భూమవ్వ మెల్లగా లేచి, అతని వెనకాలే వెళ్ళింది. ఆమె గొంతు లోపలికి వినిపించింది, కోపంగా కాదు, అలసటగా.

"నా పొలం అమ్మిన్నాడు నీ కంట్ల నీళ్ళు రాలే కొడుకా. గీ ఇటుకలకు వస్తున్నయా?"

మూడు రోజులు అతడు ఇంట్లో ఎవరితోనూ మాట్లాడలేదు. నాలుగో రోజు ఇల్లు కొనేవాళ్ళుంటే చూడమని ఒక బ్రోకరుకు తనే ఫోను చేశాడు.

కొన్నవాడు భీంరావు, ఎరువుల వ్యాపారి. ఇల్లంతా తిరిగి, వెనక గోడకు పారిన సన్నటి పగులును వేలితో చూపించి, మెట్ల కింద తేమను చూపించి, ఇరవై రెండు లక్షలు చెబితే పంతొమ్మిది దగ్గర ఆగాడు. అప్పు తెచ్చుకునే అవసరం లేని మనిషి కాబట్టి తొందర పడలేదు. తొందర వీళ్ళది. కాలేజీలో ఫీజు కట్టే గడువు దగ్గర పడింది.

రిజిస్ట్రేషన్ అయింది. కంపెనీ బాకీ కంపెనీకి పోయింది, బ్రోకరు కమీషను బ్రోకరుకు పోయింది. చేతికి తొమ్మిది లక్షలు మిగిలాయి. అందులో సంజన నాలుగేళ్ళ చదువుకని ఆరు పక్కన పెట్టారు. శ్రీలత కూతురితో హైదరాబాదు వెళ్ళి, ఫీజు కట్టి, హాస్టల్లో బకెట్టు, పరుపు కొనిచ్చి వచ్చింది. తిరిగి వస్తున్నప్పుడు బస్సులో ఆమెకు ఒక్క విషయంలో మాత్రం మనసు తేలికగా ఉంది.

ఆ తేలిక ఇంటికొచ్చేదాకే ఉంది. సామాన్లు మూటలు కడుతున్నప్పుడు భూమవ్వ అడిగింది.

"మిగిలిన పైసలతోని నా పొలం మల్ల వస్తదా?"

సాయిప్రసాద్ తాడు ముడి బిగిస్తూ తలెత్తలేదు. శ్రీలతే చెప్పాల్సి వచ్చింది. మిగిలినవి మూడు లక్షలు. ఆ ఇరవై గుంటలు కొన్న రైతు ఇప్పుడు పదిహేను లక్షలన్నా ఇవ్వడు.

"ఇరవై గుంటలు వద్దు. అయిదు గుంటలు?"

"అయిదు గుంటలు ఎవరు అమ్ముతరు అత్తమ్మా?"

భూమవ్వ తల ఊపింది. తన రెండు చీరలు, మందుల సంచీ విడిగా మూట కట్టుకుంది. మరునాడు పొద్దున కిరాయి ఇంటికి సామాన్లు తీసుకుపోయే ఆటో వచ్చేసరికి, ఆమె రుద్రూర్ బస్సు ఎక్కడానికి సిద్ధంగా ఉంది. అక్కడ ఆమె కూతురు భాగ్యశ్రీ ఉంది. కొన్ని రోజులు ఉండొస్తానంది. ఎవరినీ ఒక్క మాట అనలేదు. అని ఉంటే బాగుండేదని శ్రీలతకు అనిపించింది.

కొత్త కిరాయి ఇల్లు మూడు గదులు, మంచిదే. ఓనర్లు నిజామాబాద్‌లో ఉంటారు. మొదటి నెల కిరాయి ఫోన్లో పంపిస్తూ సాయిప్రసాద్, ఇల్లు మారాక మొదటిసారి ఆమెతో మామూలుగా మాట్లాడబోయాడు.

"ఇగ ఫికర్ చెయ్యకు. పదేండ్లు కిరాయికి ఉన్నమనుకుందం. అంతే గదా."

"అంతే కాదు," అంది శ్రీలత. "కిరాయికుంటే నెలకు ఏడు వేలు మిగిలేది. పొలం ఉండేది. అత్తమ్మ ఈడ ఉండేది."

అతడు ఫోను జేబులో పెట్టుకుని బయటికి వెళ్ళాడు. ఆ తర్వాత ఆ సంగతి వాళ్ళిద్దరి మధ్య మళ్ళీ రాలేదు. చాలా సంగతులు రావడం మానేశాయి. అతడు మిల్లుకు దగ్గరి దారి వదిలేసి, పాత కాలనీ తగలకుండా చుట్టూ తిరిగి వెళ్తున్నాడని ఆమెకు ఎవరో చెబితే తెలిసింది.

దసరా సెలవుల్లో శ్రీలత అత్తను తీసుకురావడానికి రుద్రూర్ వెళ్ళింది. అవ్వ ఇంట్లో లేదు, కలుపు తీసే కూలికి పోయిందన్నది భాగ్యశ్రీ, చూపు కలపకుండా. "నేను పొమ్మనలే వదినా. నా మాట ఇంటలేదు." ఊరి బయట మడిలో అయిదారుగురు ఆడవాళ్ళతో పాటు డెబ్బై ఏళ్ళ భూమవ్వ నడుం వంచి కనిపించింది. పిలిస్తే ఒడ్డు దాకా వచ్చింది. మోకాళ్ళ దాకా బురద.

"సంజన మంచిగ చదువుతున్నదా?"

"చదువుతున్నది. నర్సు బట్టలేసుకొని ఫొటో పంపింది, చూడు." శ్రీలత ఫోను చూపించింది. ముసలామె చేతికున్న తడి చీరకు తుడుచుకుని, ఫోను పట్టుకుని చాలాసేపు చూసింది. మొహం విచ్చుకుంది.

"పోదం పా అత్తమ్మా. నీకని ఒక గది ఉంచినం."

"గది ఎందుకు బిడ్డా? నెల నెల దానికి పైసలు పోతయి." ఆ మాటలో ఎత్తిపొడుపు లేదు. ఆమె ఫోను తిరిగిచ్చి, ఒడ్డు మీది సీసాలోంచి నీళ్ళు తాగి, శ్రీలతకు ఇచ్చింది. "ఎండల పడి వచ్చినవ్. తాగు. నాలుగింటి బస్సు ఉన్నది, అది తప్పితే మల్ల చీకటి పడతది."

శ్రీలత నీళ్ళు తాగింది. భూమవ్వ మళ్ళీ మడిలో దిగి, తన వరస దగ్గరికి నడిచింది. మిగతా ఆడవాళ్ళు అప్పటికే ఆమెను దాటి చాలా ముందుకు వెళ్ళిపోయారు.