పెద్దరాణి చేతి పాలు

మాణిక్యమ్మ తాతగారు పిచ్చేశ్వరరావుగారు ఉప్పెన వచ్చిన ఏడు తమ గాదెలు తెరిపించి, ఘంటసాలలో నూరు కుటుంబాలకు గంజి పోయించిన మహానుభావులు. ఆమె తల్లి వెంకాయమ్మగారు, ఎవరి బిడ్డ అని అడుగక, పిల్లలందరినీ తమ వీధి అరుగు మీద కూర్చుండబెట్టి అక్షరాలు దిద్దించిన ఇల్లాలు. అట్టి ఇంట పుట్టిన మాణిక్యమ్మ పద్యంలో ఒక్క అక్షరమైనా జారనిచ్చేది కాదు. "సవతి సింహాసనం" నాటకంలో ఇరవై ఏళ్లుగా పెద్దరాణి ఆమెయే.

ఆ నాటకం ఆడే సమాజానికి ఒక అంతఃపురం తెర ఉండేది. దాని మీద రెండు చకోరాలు. విషం ఎదుటపడితే చకోరం కన్ను ఎర్రబడుతుందని శాస్త్రం. బందరు చిత్రకారుడు శాస్త్రం తప్పకుండా గీశాడు. అందుచేత మకాం ఎక్కడైనా, ఉదయం హోటలు నుంచి వచ్చిన ఇడ్లీలు ముందు తెరకు చూపి తరువాత తినేవారు. గుడివాడలో ఒకసారి ఎడమ పిట్ట కన్ను కొంచెం ఎర్రబడితే, ఆ పూట చట్నీ మాత్రం మానుకున్నారు.

ఆ సంవత్సరం చిన్నరాణి పాత్రకు దివిసీమ నుంచి జ్ఞానయ్య మాస్టారి కుమార్తె రత్నకుమారి వచ్చింది. చర్చిలో పాడిన గొంతు. రోజూ మాణిక్యమ్మకు మిరియాల పాలు పంపేది. మాణిక్యమ్మ వాటిని రోజూ కాలవలో పోసేది.

"కాలవలో కప్పల గొంతు బాగుపడుతోందండీ" అన్నాడు హార్మోనియం కొండలరావు.

"నవ్వకు. పాలలో సిందూరం కలిపితే గొంతు శాశ్వతంగా పోతుంది. నా గొంతు పోతే పెద్దరాణి ఎవరు?"

"చకోరాలకు చూపించాం కదండీ. కళ్లు తెల్లగానే ఉన్నాయి."

"నూకలు వేసి మచ్చిక చేసుకుని ఉంటుంది!"

మరునాడు నూతి దగ్గర రత్నకుమారి పెద్దరాణి పద్యాలు పాడుకుంటూ ఉండగా మాణిక్యమ్మ విన్నది. ఇక సందేహం లేదనుకున్నది. అంగడికి వెళ్లి తానే సిందూరం కొన్నది.

అవనిగడ్డ ప్రదర్శనలో, పెద్దరాణి చిన్నరాణికి పాలిచ్చే రంగం వచ్చింది. పైట చాటున దాచి తెచ్చిన గిన్నెను మాణిక్యమ్మ ముందుకు చాచి పద్యం అందుకున్నది:

"పాలు కావివి చెల్లెలా! ప్రాణమమ్మ,
నాదు మమతయె కరగి యీనాడు నీకు..."

"పిట్టల కళ్లు చూడండి!" అని జనంలో కేక. "తాగకు తల్లీ!"

హార్మోనియం ఆగింది. రత్నకుమారి వెనుదిరిగి తెరను చూసింది. రెండు పిట్టల కళ్లూ గురివింద గింజలలా ఉన్నాయి.

"పెట్రోమాక్సు వెలుగుకు అలా కనబడుతున్నాయండీ" అన్నది జనంతో. "మా మాణిక్యమ్మ అత్తయ్యగారు అట్టివారు కారు." గిన్నె అందుకుని పెదవుల దగ్గరకు ఎత్తింది.

మాణిక్యమ్మ ఆ గిన్నె లాక్కుని అడుగంటా తాగింది. మిగిలిన పాదాలు అదే రాగంలో ముగించింది. జనం "వన్స్ మోర్!" అన్నారు. ఆమె నోరు తెరిచింది, గొంతు రాలేదు. పక్కనుంచి రత్నకుమారి ఆ పద్యం అందుకున్నది.

ఆ వేసవి అంతా మాణిక్యమ్మ పలక మీద వ్రాసి, తొడ మీద తాళం వేసి ఆ పిల్లకు అప్పగించినవి ఇవి: పెద్దరాణి పద్యాలు నలభై రెండు; ఏ పాదంలో ఎక్కడ ఊపిరి తీయవలెనో ఆ గుర్తులు; ఒక జరీ చీర.