ఏమీ జరగని తారీఖు

గ్రేస్ కాళ్ల ఆపరేషన్‌కు హైదరాబాద్ దవాఖానవాళ్లు డిసెంబరు మూడో తారీఖు ఇచ్చారు. చిన్నప్పుడు తాగిన బోరు నీళ్లలోని ఫ్లోరైడ్‌కు వంగిన కాళ్లవి. పిల్ల పదో తరగతికి వచ్చేసరికి నడిస్తే రెండు మోకాళ్లూ ఒకదాన్నొకటి రాసుకుంటున్నాయి. ఇంకా జాగు చేస్తే ఎముక ముదురుతుందన్నాడు డాక్టరు. వచ్చేదీ రానిదీ శుక్రవారం సాయంత్రంలోగా ఫోన్ చేసి చెప్పాలి. లేకుంటే ఆ మంచం ఇంకొకరికి పోతుంది. మళ్లీ వరుస ఎప్పుడొస్తుందో చెప్పలేమన్నారు.

గ్రేస్ తల్లి సాలమ్మకు భయపడడానికి కారణాల కరువెప్పుడూ లేదు. తాపీపనికి పోయిన భర్త బాలస్వామి ఓ అరగంట ఆలస్యమైతే చాలు, నార్కట్‌పల్లి చౌరస్తాలోని లారీలన్నీ ఆమె కళ్లముందే తిరిగేవి. అయినా పంచాంగం చూసే ఇల్లు కాదు వాళ్లది. ఆదివారం తప్పకుండా ప్రార్థనకు పోతారు. తిథులూ దుర్ముహూర్తాలూ నమ్మొద్దని పాస్టరు గారు చెప్తే సాలమ్మ సరేనంది కూడా.

కానీ బడి బోర్డు సంగతి పాస్టరు గారు చెప్పలేదు. కట్టంగూర్ దాపునున్న ఆ బడిలో మధ్యాహ్న భోజనం వండేది సాలమ్మే. రోజూ ప్రార్థనయ్యాక ఒక పిల్ల బోర్డు ముందు నిలబడి 'చరిత్రలో ఈ రోజు' చదువుతుంది. ఏడో తరగతి దాకా చదివిన సాలమ్మ బియ్యం చెరుగుతూనే అదంతా వింటుంది. ఎవరు పుట్టారో ఆమె చెవికి ఎక్కదు. మునిగిన ఓడలూ కూలిన వంతెనలూ మాత్రం ఒక్కటీ జారిపోదు.

గురువారం పొద్దున ఆమె సోషల్ చెప్పే గోపాల్ సారు దగ్గరికి పోయింది. బోర్డు మీద రాసే సంగతులన్నీ ఆయన రిజిస్టరులోనే ఉంటాయి, తారీఖుకు ఒక పేజీ చొప్పున.

"సారూ, డిసెంబరు మూడు ఎట్లుంటది?"

"ఎట్లుండుడేంది సాలమ్మా, చలిగుంటది."

"గది కాదు సారూ. బుక్కుల ఏమున్నదో జర చూడరాదు."

సారు పేజీ తీశాడు. మొదటి వరుసలోనే ఉంది, 1984, భోపాల్‌లో విషవాయువు. సాలమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. సారు గబగబా కింది వరుసకు దిగాడు.

"ఇగో, గిది చూడు. 1967. ఒక మనిషి గుండె తీసి ఇంకో మనిషికి పెట్టిండ్రు. లోకంల గదే మొదలు. గదీ ఆపరేషనే గద."

"మరి బతికిండా?"

సారుకు అబద్ధం చేతకాదు. "బతికిండు. పద్దెనిమిది దినాలు."

సారు ఇంకో వరుస మీద వేలు పెట్టాడు. "క్రికెట్ ఆడే మిథాలీ రాజ్ పుట్టింది గూడ గా రోజే."

"ఆమె కాళ్లు మంచియే గద సారూ." పేజీ వైపు తొంగి చూస్తూ అడిగింది, "ఏం కాని దినం ఒక్కటన్న ఉంటదా?"

"నీకు గింత ఫికరుంటే బుక్కు నువ్వే తీస్కపో, ఎతుక్కో," అన్నాడు సారు.

పిల్లలు తిని పోయి గిన్నెలు కడిగాక, వంటపాక నీడలో సాలమ్మ రిజిస్టరు ముందేసుకు కూర్చుంది. క్రిస్మస్ మరునాడైతే ప్రభువు తోడుంటాడనుకుని చూస్తే, ఆ పేజీలో సునామీ ఉంది. జనవరి ఇరవై ఆరున పైన గణతంత్ర దినం, కింద గుజరాత్ భూకంపం. ప్రతి ఏడూ తను బూందీ పంచే రోజది. ఫిబ్రవరి, మార్చి అంతా తిరగేసింది. బాగున్న రోజు లేదు. ఏప్రిల్ చివరికొచ్చేసరికి ఒక తెల్ల పేజీ వచ్చింది. దాని వెనక ఇంకొకటి. పైన తారీఖు తప్ప అక్షరం లేదు. మే నెలకు మే నెలంతా ఖాళీ. ఆమెకు ఎండలో నడిచి నడిచి నీడకు చేరినట్టయింది.

బడి విడిచాక గ్రేస్ మెల్లగా నడిచొచ్చి పక్కన కూలబడింది.

"బిడ్డా, నీ ఆపరేషన్ మే నెలల చేపిద్దాం. గా నెలల ఎన్నడు ఏం కాలే."

గ్రేస్ పేజీలు చూసి ఫక్కున నవ్వింది. "అమ్మా, మే నెలల బడే ఉండదు. బోర్డు రాసెటోళ్లెవరు? గందుకే ఖాళీ."

"ఉత్తగ గిన్ని పేజీలు ఇడుస్తరా ఎవలన్న?"

"జూన్ రెండు తియ్యి. ఏమున్నది?"

"ఏం లేదు."

"మరి తెలంగాణ రాలేదా? గా దినం నువ్వు గూడ జై కొడితివి గద."

సాలమ్మ ఓడిపోయానని ఒప్పుకునే మనిషి కాదు గనుక, ఏదో వెతుకుతున్నట్టు పేజీలు వెనక్కి తిప్పింది. మే పందొమ్మిది దగ్గర చెయ్యి ఆగింది.

ఆ రోజే ఆమె తల్లి ఎస్తేరు ఉపాధి పనికి పోయి, చెరువు మట్టి ఎత్తుతూ వడదెబ్బకు కూలిపోయింది. మోసుకొచ్చేసరికే ప్రాణం లేదు. ఏటా ఆ తారీఖునే ఇంట్లో జ్ఞాపకార్థ ప్రార్థన పెడతారు. పేజీ మాత్రం పాలలా తెల్లగా ఉంది. సాలమ్మ అరచేత్తో దాన్ని ఒకసారి నిమిరింది. ఈ కాగితానికేం ఎరుక అనుకుంది. రాయనంత మాత్రాన జరగకుండా పోలేదు. రాసినంత మాత్రాన అదే మళ్లీ జరగాలనీ లేదు.

"ఏమైందే అమ్మా?"

"మీ అవ్వ యాదికొచ్చింది." రిజిస్టరు మూసి పక్కన పెట్టింది. "ఫోన్ తే."

"రేపటిదాక టైమున్నది గద."

"రేపటికి నా మనసు ఎట్లుంటదో. తే."

అవతల ఎవరో ఎత్తగానే గబగబా చెప్పేసింది. "గ్రేస్ అమ్మను మాట్లాడుతున్న సారూ. మూడో తారీఖుకు వస్తున్నం." ఫోన్ బిడ్డ చేతికిచ్చి, రిజిస్టరు మీది దుమ్ము కొంగుతో తుడిచింది. భయం ఎక్కడికీ పోలేదు. పక్కనే కూర్చుంది, అంతే.

మూడో తారీఖు సాయంత్రం, రెండు కాళ్లకూ తెల్ల కట్లతో గ్రేస్‌ను బయటికి తెచ్చారు. మత్తు ఇంకా పూర్తిగా దిగలేదు. సాలమ్మ కట్టు చివర కనిపిస్తున్న బొటనవేలిని మెల్లగా గిల్లింది.

"గిచ్చకే, నొస్తాంది," అంది గ్రేస్ కళ్లు మూసుకునే.

ఆ మాటకు సాలమ్మ కడుపు చల్లబడింది. నర్సు కాగితం మీద ఏదో రాసి చేతిలో పెట్టింది. "జనవరి ఇరవైకి తీస్కరా అమ్మా. కట్టు విప్పుతం."

సాలమ్మ కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి రవికెలో దాచుకుంది. నర్సు రెండడుగులు వేశాక వెనకనే పోయి అడిగింది.

"మేడం, గా దినం బస్సులు బంద్ గిట్ల ఉండయి గద?"