గట్టయ్యకు పడ్డ ఓట్లు

మరిపెడ రోడ్డు దిగి లోపలికి నడిస్తే వాగు అవతల రాళ్లవాగుపల్లె. వాన గట్టిగా పడితే ఆ ఊరికి దారి ఉండదు. పురిటి నొప్పులు వచ్చినా, పాము కరిచినా, వాగు తగ్గేదాకా గట్టున కూర్చోవాల్సిందే. అందుకే ఎనభై ఒకటిలో పంచాయతీ ఎన్నికలు వచ్చినప్పుడు, రాజేశ్వర్ రావు దొర చావడి ముందు చెప్పిన మాట ఊరికి నచ్చింది.

"ఎలక్షన్ అంటె ఊరు చీలిపోతది. కొట్లాటలు, కేసులు. మీరందరు ఒక్కమాట మీద నన్ను సర్పంచ్‌ను జెయ్యుండ్రి. వాగు మీద బ్రిడ్జి నా ఖర్చుతోని కట్టిస్త."

అందరూ చేతులెత్తారు. వెనక వరసలో కూర్చున్న గట్టయ్య ఎత్తలేదు. అతనికి మూడెకరాల చెలక, సగం బావి ఉన్నాయి. తగాదాల మనిషి కాదు. ఎవరింట్లో పెళ్లయినా పందిరి గుంజలు పాతడానికి ముందుగా వెళ్లే మనిషి.

"బ్రిడ్జి గట్టుడు మంచిదే దొరా," అన్నాడు లేచి నిలబడి. "అది ఓట్లతోని గెలిచి సర్పంచైనంక గూడ కట్టొచ్చు. ఓట్లు ఎందుకు వద్దంటాండ్రు?"

"ఊరంత ఒక్కటైనంక ఓట్లెందుకు?"

"నన్నెవరు అడగలే గదా దొరా. ఊరంటె అందరం. అందరిల నేను గూడ ఉన్న."

కొందరు నవ్వారు. దొర నవ్వలేదు. పక్కనే ఉన్న రాయమల్లు గట్టయ్య తువాలు పట్టి కిందికి లాగాడు. బావిలో మిగతా సగం రాయమల్లుదే. ఇద్దరూ ఇరవై ఏళ్లుగా ఒకే మోట, ఒకే జత ఎడ్లతో వ్యవసాయం చేస్తున్నారు.

రెండు రోజులు ఆలోచించి గట్టయ్య మరిపెడ సమితి ఆఫీసుకు నడిచి వెళ్లి నామినేషన్ వేసి వచ్చాడు. గొడుగు గుర్తు ఇచ్చారు. ఇంటికి వచ్చి చెబితే భార్య చిలుకమ్మ పొయ్యి ముందు నుంచి లేవలేదు.

"నీకు సర్పంచ్‌గిరి ఎందుకయ్యా?"

"సర్పంచ్‌గిరి కోసం కాదే. ఒక్కడన్న నిలబడితె జనం ఓటెయ్యొచ్చు. ఎవలు లేకపోతె ఎవలకేస్తరు?"

"దొరతోని పెట్టుకుంటె బతకనిస్తడా?" అన్నది. అన్నం మాత్రం వడ్డించింది.

మర్నాటి నుంచి ఊరు మారిపోయింది. చాకలి మొగిలమ్మ బట్టల మూట తీసుకోకుండా వెళ్లిపోయింది. కిరాణం కొట్టులో ఉప్పు లేదన్నారు. చెలక పనికి పిలిస్తే కూలీలు రాలేదు. వీళ్లను ఎవరూ తిట్టలేదు, కొట్టలేదు. ఎదురుపడితే తల తిప్పుకుని పోయేవాళ్లు, అంతే. ఒకరోజు పొద్దున రాయమల్లు బావి దగ్గరికి వచ్చి, నేల చూస్తూ మాట్లాడాడు.

"గట్టన్నా, ఎడ్లను నేను తోలుకపోత. ఏమనుకోకు. పిల్లలు గలోన్ని."

"తోలుకపో."

"బ్రిడ్జి పోతదని ఊరంత మండుతాంది. జర ఇచారం జెయ్యి. వాపస్ తీసుకో."

ఆ మాట గట్టయ్యను కదిలించింది. తన వల్ల ఊరికి దారి రాకుండా పోతుందేమోనన్న బెంగ అతనికీ ఉంది. సాయంత్రం చొక్కా తొడుక్కుని, మరిపెడ వెళ్లి నామినేషన్ వాపసు తీసుకుంటానన్నాడు. అప్పుడు చిలుకమ్మ గుమ్మానికి అడ్డం నిలబడింది.

"ఇయ్యాల వాపస్ తీసుకుంటె నువ్వు తప్పు జేసినట్టు. నువ్వేం తప్పు జేసినవ్? నాకు ఉప్పు ఇయ్యనందుకు వాళ్లది తప్పు గాదా? నేను అమ్మగారూరికి పోయి తెచ్చుకుంట ఉప్పు. నువ్వు చొక్కా ఇడువు."

గట్టయ్య చొక్కా విడిచాడు.

ఓట్లు బడిలో వేశారు. లోపల చాటు కోసం ఒక మూలకు దుప్పటి కట్టారు. దొర మనుషులు బయట వేపచెట్టు కింద కుర్చీలు వేసుకుని వచ్చిపోయేవాళ్లను చూస్తూ కూర్చున్నారు. గట్టయ్య తరఫున ఏజెంటుగా కూర్చునే మనిషి లేక తనే కూర్చున్నాడు. తనకు రెండే ఓట్లు పడతాయని, ఒకటి తనది, ఇంకొకటి చిలుకమ్మదని అనుకున్నాడు.

పొద్దు గూకే వేళకు లెక్క తేలింది. దొర గెలిచాడు. కానీ ఆరు వందల చిల్లర ఓట్లలో గొడుగు గుర్తుకు రెండు వందలకు కొంచెం తక్కువ పడ్డాయి. లెక్క చదివిన ఆఫీసరు కాగితం దించి గట్టయ్యను మరోసారి చూశాడు.

ఆ రోజు గట్టయ్య ఇంటికి నడిచిన దారి అతనికి కొత్తగా కనిపించింది. అరుగుల మీద కూర్చున్న ప్రతి మొహాన్నీ చూశాడు. ప్రతి ముగ్గురిలో ఒకరు. ఎవరది? ఏ మొహమూ చెప్పలేదు.

"ఎవరైతేంది," అన్నది చిలుకమ్మ. చాలా రోజుల తర్వాత ఆమె నవ్వింది. "ఉన్నరు గదా. ఇంతమంది మన దిక్కున్నరని తెలిసింది. ఇగ ఫికర్ లేదు."

ఫికర్ అప్పుడే మొదలైంది. గెలిచిన దొరకు ఆ ఓట్లు ముల్లులా గుచ్చుకున్నాయి. తన ముందు చేతులెత్తినవాళ్లలోనే అంతమంది తనకు వేయలేదని అతనికి తెలిసిపోయింది. చావడి దగ్గర ఒకే మాట అన్నాడు.

"గట్టయ్యతోని ఎవరు మాట్లాడితె ఆ ఓట్లల్ల వాని ఓటు ఉన్నట్టు."

ఇక అంతకుముందు కంటితో పలకరించినవాళ్లు కూడా మానేశారు. వేయనివాళ్లు కోపంతో దూరమయ్యారు. వేసినవాళ్లు భయంతో ఇంకా దూరమయ్యారు. బ్రిడ్జి మాట మళ్లీ ఎవరూ ఎత్తలేదు.

శ్రావణంలో ముసురు పట్టింది. చిలుకమ్మకు జ్వరం తగిలి, మూడోనాటికి ఊపిరి ఆడడం కష్టమైంది. మధ్యాహ్నం పూట వాగు ఇంకా నడుముల లోతే ఉంది. మంచాన్ని భుజాలకెత్తుకుని నలుగురు పట్టుకుంటే అవతలికి చేర్చవచ్చు. రోడ్డెక్కితే మరిపెడ దవాఖానకు బస్సు దొరుకుతుంది.

గట్టయ్య వానలో ఇల్లిల్లూ తిరిగాడు. ప్రతి గడప ముందూ ఇది ఆ ఇల్లేమో అనుకున్నాడు. మూడిళ్లకు ఒక ఇల్లు తనదే కదా. ఒకరు "మా అన్న ఇంట్ల లేడు" అన్నారు. ఇంకొకరు "వాన తగ్గనియ్యి" అన్నారు. రాయమల్లు ఇంటి తలుపు గొళ్లెం లోపల వేసి ఉంది. లోపల ఎడ్ల గంటలు వినబడుతున్నాయి.

"రాయమల్లూ, మంచం ఒక దిక్కు నేను పట్టుకుంట. ఇంక ముగ్గురు చాలు," అని తలుపుతో చెప్పాడు. తలుపు తెరుచుకోలేదు.

అతను ఇంటికి వచ్చేసరికి వాగు మెడల లోతయింది. చిలుకమ్మ "ఎవరన్న దొరికిండ్రా?" అని అడిగింది.

"వస్తాండ్రు," అన్నాడు గట్టయ్య.

ఆమె సరేనన్నట్టు కళ్లు మూసుకుంది. దీపాలు పెట్టే వేళకు పోయింది.

మర్నాడు వాగు తగ్గాక, కబురందుకుని అత్తవారి ఊరి నుంచి కూతురు కట్టమ్మ, అల్లుడు, అల్లుడి తమ్ముళ్లిద్దరూ వచ్చారు. పాడెకు నాలుగో భుజం లేదు. నిప్పుకుండ పట్టుకోవాల్సిన గట్టయ్య పాడె కిందికి వెళ్లాడు. కుండను కట్టమ్మ పట్టుకుని ముందు నడిచింది. ఆడపిల్ల ముందు నడవడం ఆ ఊరు అంతకుముందు చూడలేదు. జనం అరుగుల మీద నిలబడి చూశారు. ఆడవాళ్లు కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు. కొందరు ఏడ్చారు. ఒక్కరూ అరుగు దిగలేదు.

దినాలయ్యాక గట్టయ్య చెలకను అల్లుడికి అప్పజెప్పి వరంగల్ వచ్చాడు. మిర్చి మార్కెట్‌లో బస్తాలు మోసే హమాలీ పనిలో చేరాడు. కష్టమైన పనే కానీ అక్కడ మనుషులు మాట్లాడేవాళ్లు. ఘాటుకు తుమ్ముతూ, దగ్గుతూ, ఒకరినొకరు తిట్టుకుంటూ బస్తాలెత్తేవాళ్లు. తన ఊరి సంగతి అతను ఎవరికీ చెప్పలేదు. చిలుకమ్మ జ్వరంతో పోయిందో, తన పట్టుదలతో పోయిందో అతనికి తేలలేదు. ఆ రోజు చొక్కా తొడుక్కుని మరిపెడ వెళ్లి ఉంటే ఆమె బతికేదేమో. ఆమే వెళ్లనీయలేదు కదా అని కూడా అనిపించేది. అలా అనుకున్న రోజు ఇంకా ఎక్కువ బాధపడేవాడు.

ఆరేళ్ల తర్వాత ఒక ఎండాకాలం రాయమల్లు మిర్చి అమ్ముకోవడానికి వచ్చి అతన్ని చూశాడు. ఇద్దరూ చాయ్ హోటల్ బల్ల మీద కూర్చున్నారు. చాయ్ తాగుతూ రాయమల్లు మాట ఎత్తాడు.

"అన్నా, ఆనాడు నా ఓటు నీకే ఏసిన."

గట్టయ్య అతని వైపు చూశాడు.

"నీ పెండ్లాం?"

"అదెవలకేసిందో నాకు చెప్పలే. నేను గూడ దానికి చెప్పలే. తర్వాత తెలిసింది, అది గూడ గొడుగుకే. మా వాడకట్టుల శానమంది ఏసిండ్రట. ఎవలకు వాళ్లం, నేనొక్కన్నే ఏసిన్ననుకున్నం. లెక్క జెప్పినంక గూడ పక్కింటోన్ని అడగనీకి భయం. వాడు దొర మనిషైతె ఎట్ల?"

"ఆనాడు ఇంట్లనే ఉన్నవు గదా?"

"ఉన్న," అన్నాడు రాయమల్లు. "తలుపుకు చెయ్యి పెట్టి నిలబడ్డ. ఇంకొకరు ముందుగాల బయటికొస్తె నేనూ వద్దామనుకున్న. అందరం గట్లనే నిలబడ్డమేమో అన్నా."

గట్టయ్య చాయ్ డబ్బులు తీసి బల్ల మీద పెట్టాడు.

"మల్ల ఎలక్షన్లు వస్తయంటాండ్రు," అన్నాడు రాయమల్లు. "ఊరికి రా. నిలబడు. ఈసారి గెలుస్తవు."

"ఓటర్ల లిస్టుల నా పేరు ఇంక ఆడనే ఉన్నదా?"

"ఉన్నది. ఎవలు తియ్యలే."

"అయితె ఈసారి నువ్వు నిలబడు. నేనొస్త. వేపచెట్టు కింద అందరు ఇనంగ నీకే ఏస్తనని చెప్పి, లోపటికి పోయి ఏస్త."

రాయమల్లు గ్లాసు కింద పెట్టాడు. చివరికి "పిల్లలు గలోన్ని గదన్నా" అన్నాడు, మెల్లగా.

గట్టయ్య తల ఊపాడు. అతనికి కోపం రాలేదు. పిల్లలు ఏం చదువుతున్నారని అడిగాడు. బస్టాండుదాకా వెంట వెళ్లి, మరిపెడ బస్సులో కిటికీ పక్కన సీటు చూసి కూర్చోబెట్టాడు. బస్సు వెళ్లిపోయాక గట్టయ్య తువాలు తలకు చుట్టుకున్నాడు. రైతుల బండ్ల నుంచి ఇంకా దించాల్సిన బస్తాలు ఉన్నాయని మార్కెట్ వైపు నడిచాడు.