నల్ల లామా తాగిన నీళ్లు

ఊరి నీళ్ల లెక్క చూసే పౌకార్ రోజూ తెల్లవారకముందే రాతికుంట దగ్గరికి వెళ్లి, గీతలు గీసిన కర్ర నీళ్లలో ముంచేవాడు. ఎంత తడిసిందో చూసి నడుముకు వేలాడే నల్లతాడుకు లెక్క గుర్తుగా ముడులు వేసేవాడు. నల్లతాడు లామాది. పాలపుంత అనే ఆకాశనది మధ్యలో, చుక్కల్లేని నల్లమచ్చలా పడుకుని ఉండే ఆ పొడుగుమెడ లామా, వానల్లేని నెలల్లో వేకువన కొండ మీంచి దిగి వచ్చి తాగిపోతుంది. దాని వంతు రోజుకు నాలుగు వేళ్ల నీళ్లు. తెల్లతాడు సూర్యుడిది. పడమటి కొండ మీది రెండు స్తంభాల మధ్యకి ఆయన దిగడానికి ఇంకా ఎన్నాళ్లుందో దానిమీద లెక్క. రెండు తాళ్లూ కలిపి చూసి, విత్తనం ఏ రోజు వెయ్యాలో రాజధాని కుస్కోలో పెద్దలు చెప్తారు.

ఆ ఏడాది రోజుకు ఎనిమిది వేళ్లు పోతున్నాయి.

"నాలుగు లామావి. మిగతా నాలుగూ ఎవరి కడుపులోకి పోతున్నాయే?" అని పెళ్లాన్ని అడిగాడు.

మిచ్చాయ్ పొయ్యి ఊదుకుంటూ, "నన్నడుగుతావేం? కుంట నేనేమన్నా మింగేశానా?" అంది.

పౌకార్ ఆవిడ కుండల్లోకి ఓసారి తొంగి చూసి మరీ బయటికొచ్చాడు. ఆయన అనుమానం అలాంటిది. దానికి అయినవాళ్లనీ కానివాళ్లనీ లేదు.

కుంట కట్ట కిందే ఉర్పాయ్ మడి. ఊరి మళ్లన్నీ ఎండి బీటలు వారుతుంటే ఆ ఒక్కటీ పచ్చగా ఉంది. ఉర్పాయ్ మొగుణ్ణి రెండేళ్ల కిందట రాజుగారి కోట కాపలాకని తీసుకుపోయారు. ఏ కోటో ఊళ్లో ఎవరికీ చెప్పలేదు. ఒంటరి ఆడది, పైగా తడినేల. పౌకార్‌కి ఇంకేం కావాలి?

"ఏమమ్మాయ్, కాలువ దారి తప్పి నీ మళ్లోకి వస్తోందా ఏమిటి?"

"కట్ట కింద మడి కదా మామా, ఊట దిగుతుంది. మీ నాన్న రోజుల్నించీ అంతేగా."

"మరి నా నాలుగు వేళ్లు?"

"లామాకి పిల్ల పుట్టింది. తల్లి ఒక్కతే తాగితే సరా, బిడ్డ తాగొద్దూ? ఓసారి తలెత్తి చూడరాదూ!"

"నేను తలెత్తితే ఈలోగా కాలువ తిప్పేద్దామనా? నాకా నేర్పేది!"

నిజంగానే తలెత్తలేదు మహానుభావుడు. అందరి కాళ్లకేసీ, కడవలకేసీ చూస్తూ నెల గడిపాడు. అనుమానం గజ్జిలాంటిది కదా, ఊరందరికీ అంటుకుంది. వాళ్లూ పక్కవాడి గట్టు చూడ్డమే తప్ప పైకి చూడ్డం మానేశారు. ఆఖరికి పౌకార్ నేరాల లెక్క వేసే ఎర్రతాడు మీద ఉర్పాయ్ ఇంటి గుర్తు ముడివేసి, వార్తలు మోసేవాడి చేతికిచ్చి కుస్కోకి పంపేశాడు. దొంగ ఇల్లు ఊళ్లో ఉండదు. ఇంటివాళ్లందర్నీ ఎక్కడికో దూరదేశం తరలించేస్తారు.

ఆ సంగతి తెలిసి ఉర్పాయ్ పరిగెత్తుకొచ్చింది. "నేను తీసిన చుక్క చూపించు మామా! నన్నెక్కడికో తోలేస్తే, రేపు ఆయన తిరిగొచ్చి ఎక్కడని వెతుక్కుంటాడు? ఆయన్ని నేనే వెళ్లి వెతుక్కుందామన్నా అనుమతి లేకుండా రాజుగారి దారి తొక్కనివ్వరు కదా!" అంటూ భోరున ఏడ్చింది.

ఆ ఏడుపు మీద కూడా ఆయనకి అనుమానమే. అయినా 'అన్నీ చూసేవాడు' అని పిలిచే రాజుగారి తనిఖీ పెద్దమనిషి వస్తున్నాడని కబురందాక, చేతిలో రుజువుంటే మంచిదని కుంట చుట్టూ పొయ్యిబూడిద చల్లించాడు.

మర్నాడు వేకువన వెళ్లి చూస్తే బూడిదలో లామా గిట్టల జాడలు. వాటి పక్కనే, బంగాళాదుంప ముక్క అద్దినట్టు బుల్లి బుల్లి జాడలు. పౌకార్ నెలరోజుల తరవాత తలెత్తాడు. తల్లి పొట్ట కింద, చుక్క ఒక్కటి కూడా లేని చోట, అరచేయంత నలుపు కదులుతోంది.

"ఛీ, నా కళ్లు కాలా!" అనుకున్నాడు. తప్పుడు ముడి వేసినవాడి వీపు చిట్లగొడతారు. అయినా జాడలు చెరపలేదు. ఉన్నదున్నట్టు చెప్పేద్దామనే ఊళ్లోకి నడిచాడు.

అప్పటికే ఆ పెద్దమనిషి ఇద్దరు భటులతో దిగి, ఊరందరి ముందూ ఎర్రతాడు తడుముతున్నాడు. "నీళ్లదొంగ ఇంటిని పచార్ కోటకి తరలించమని ఆజ్ఞ" అన్నాడు.

"ఏ కోట అన్నారయ్యా?" అంది ఉర్పాయ్.

"పచార్. రెండేళ్ల కిందట మీ ఊరి మగాళ్లని కాపలాకి తీసుకుపోయాం చూడు, అక్కడికే."

పౌకార్ నోరు తెరిచేలోగా, "నేనే తీశాను. నాలుగు వేళ్లూ నేనే" అనేసింది.

ఆ పెద్దమనిషి కళ్లు చికిలించాడు. "ఇంత సులువుగా ఒప్పుకున్న దొంగని నేనెప్పుడూ చూడలేదే! ఎలా తీశావ్? దేంతో?"

ఉర్పాయ్ తడబడింది. పౌకార్ కేసి చూసింది. అది బతిమాలే చూపని ముసలాడికి అర్థమైంది. ఈసారి అనుమానం రాలేదు.

"సరే, కుంట చూపించు" అన్నాడు అతను. పౌకార్ ముందు నడిచాడు. ఒడ్డు చేరగానే జారిపడ్డట్టు పడి, కాళ్లతో చేతులతో బూడిదంతా కలిపేశాడు.

"ఈ బూడిదేమిటి?"

"జాడల కోసం చల్లాను దొరా. అంతా ఆడమనిషి పాదాలే. దీనివే. తెల్లారుతూనే నా కళ్లతో చూశాను. ఇప్పుడేమో ఈ ముసలి కాళ్లు తొక్కేశాయి."

అతను చాలాసేపు ఆయన మొహంలోకి చూశాడు. "నీ అనుమానం సంగతి కుస్కో దాకా తెలుసులే. నువ్వే తేల్చాక ఇంకెవరూ తేల్చక్కర్లేదు" అని ముడి ఖాయం చేశాడు.

చెరిపింది ఉర్పాయ్ కోసమా, తన వీపు కోసమా? పౌకార్ ఆ రోజంతా తనని తానే అనుమానించుకున్నాడు.

సాయంత్రం ఉర్పాయ్ మగ్గం మూట వీపున కట్టుకుని, భటుల వెనక కుంట పక్కనుంచి వెళుతూ ఆగింది. "మామా, ఆ లామా పిల్ల ఇంకా పసిది. ఆ మూల రాయి పాచిపట్టి జారుతోంది. గీకించు."

"నాకు చెప్పొచ్చావా! నడు నడు, ఆ దొర మనసు మారకముందే."

ఆమె మలుపు తిరిగేదాకా కర్ర నీళ్లలో ముంచి, కొలుస్తున్నట్టు తలొంచుకునే ఉన్నాడు.