కమిటీ మీద కంప్లైంటు

సర్పంచ్ అయి ఎనిమిది నెలలైనా ఊళ్ళో ఒక్క పని కూడా తన మాట మీద జరగడం ఎస్తర్ చూడలేదు. సరే, పెద్ద పనులు పోతే పోయాయి, కనీసం ఒక్క ఇడ్లీ పొయ్యినైనా నిలబెడదామనుకుంది. దానికే ఆమె తల ప్రాణం తోకకొచ్చింది.

పొయ్యి సువర్ణది. ఎడపల్లి దాటాక కాలువ అవతల ఉంటుంది ఆ ఊరు. చర్చి వాడకట్టులో సువర్ణ ఇల్లు. పదిహేనేళ్ళు బీడీలు చుట్టింది. కంపెనీ వాళ్ళు నెలకు పది రోజుల పని కూడా ఇవ్వకపోయేసరికి చాట పక్కన పడేసి, ఇంటి అరుగు మీద ఇడ్లీ, ఉప్మా అమ్మడం మొదలుపెట్టింది. మొగుడు లేడు. ఇద్దరాడపిల్లలు బోధన్‌లో చదువుతున్నారు. వాళ్ళ ఫీజులు, పుస్తకాలు, ఇంట్లో బియ్యం, అన్నీ ఆ పొయ్యి మీదే ఉడకాలి. ఆమె చేసిన తప్పల్లా ఇడ్లీ మెత్తగా చెయ్యడం. బస్టాండు దగ్గర భాస్కర్ హోటల్‌కు పోవలసిన జనమంతా పొద్దున్నే ఈ అరుగు ముందు గిన్నెలు పట్టుకుని నిలబడ్డారు. భాస్కర్ వెళ్ళి కమిటీకి చెప్పుకున్నాడు.

కమిటీ అంటే గ్రామాభివృద్ధి కమిటీ. కులానికొకరు చొప్పున పదమూడు మంది పెద్దమనుషులు. ఊళ్ళో కల్లు ఎవరమ్మాలి, కోడి కూర ఎవరు కొట్టాలి, హోటల్ ఎవరు నడపాలి, ఇవన్నీ ఏటా దసరాకు వేలం పాట పెట్టి తేలుస్తారు. పాట గెలిచినవాడిదే ఏడాదంతా ఆ వ్యాపారం. ఇంకెవరైనా చేస్తే జుర్మానా. వాళ్ళ దగ్గర కొన్నవాళ్ళకూ జుర్మానా. కట్టనని మొండికేస్తే ఇక ఆ ఇంటివాళ్ళతో ఊళ్ళో ఎవరూ మాట్లాడకూడదు. ఇదెక్కడి చట్టమయ్యా అని మాత్రం అడగకండి. చట్టంలో ఉన్నది పంచాయతీ. దానికో సర్పంచ్, ఆ సర్పంచ్‌కో రబ్బరు ముద్ర. అంతే.

బుధవారం రాత్రి ఊరి వాట్సాప్ గ్రూపులో సువర్ణ పేరొక్కటే పెట్టారు, ఇంకో ముక్క లేదు. ఆమె దగ్గర కొనకూడదని ఊరందరికీ అర్థమైపోయింది. తెల్లారి అరుగు ముందు పిట్ట వాలలేదు. వండిన ఇడ్లీలు వండినట్టే డేక్సాలో పెట్టుకుని సువర్ణ నేరుగా ఎస్తర్ ఇంటికొచ్చింది.

"అక్కా, నువ్వు సర్పంచువు గదా. జర చెప్పు వాళ్ళకు. పిల్లల సదువు ఆగుతదక్కా" అంది, కళ్ళనీళ్ళు తుడుచుకుంటూ.

ఎస్తర్ కమిటీ హాలుకు వెళ్ళింది. పంచాయతీ ఆఫీసు వానొస్తే కురుస్తుంది గానీ కమిటీ హాలుకు టైల్స్, ఏసీ. కమిటీ పెద్ద రాజారాం. చక్కెర ఫ్యాక్టరీ నడిచిన రోజుల్లో ఎవరి చెరుకు ఎప్పుడు కొట్టాలో ఆర్డర్లు రాసిచ్చేవాడు. రైతులు ఆయన ముందు చేతులు కట్టుకుని నిలబడేవాళ్ళు. ఫ్యాక్టరీ మూతపడింది, చెరుకు పోయి వరి వచ్చింది, ఆయన అలవాటు మాత్రం అలాగే ఉండిపోయింది.

"ఎస్తరమ్మా, నువ్వు బాండ్ పేపర్ మీద సంతకం వెట్టినవా లేదా?" అన్నాడు, చాయ్ చప్పరిస్తూ.

పెట్టింది. బీసీ మహిళకు రిజర్వు కాగానే, నోట్లో నాలుక లేని మనిషెవరా అని వెతికి, కమిటీయే ఆమెను ఏకగ్రీవం చేసింది. కమిటీ మాట జవదాటనని ముందే రాయించుకుంది. ఆ రోజు ఎస్తర్‌కు ఊరంతా తనను మెచ్చుకుంటున్నదనిపించింది. ఇప్పుడు తలుచుకుంటే చెంపలు వాయించుకోవాలనిపిస్తుంది.

"సరే పటేలా. మరి మా చర్చి వాడకట్టు నుంచి కమిటీల ఒక్కలు గూడ లేరు. మా గోస ఎవ్వలు చెప్పాలె?"

"కులానికొక్కలమ్మా. మీదేమో మతమాయె. ఏ కులం కింద ఏసుకోవాలె మిమ్ముల?"

"గవర్నమెంటు సర్టిఫికెట్ల బీసీ-సి అని ఉన్నది గదా! గందుకే గద నేను సర్పంచైన?"

"గది గవర్నమెంటు లెక్క. గిది ఊరి లెక్క" అని రాజారాం కప్పు కింద పెట్టాడు.

అప్పుడు మొదలైంది తిరుగుడు. పోలీస్ స్టేషన్లో రైటర్ కాగితం ముందు పెట్టుకుని అడిగాడు: "ఎవరి మీదమ్మా కంప్లైంటు? కమిటీ రిజిస్టర్ అయిందా? నంబరేంది?" కమిటీకి నంబరు లేదు, ముద్ర లేదు, నోటీసు కాగితం లేదు. అంతా నోటి మాట. లేని దాని మీద కేసెట్లా రాయాలన్నాడు. "ఊర్లె పెద్దమనుషులుంటరు గదా, కూసోని మాట్లాడుకోండ్రి" అని సలహా కూడా ఇచ్చాడు.

"నా కంప్లైంటే ఆ పెద్దమనుషుల మీద సార్!" అని ఎస్తర్ గట్టిగా అంది. ఆయన నవ్వి పెన్ను మూత పెట్టేశాడు.

మండలాఫీసులో, మీరే సర్పంచ్ కదా, తీర్మానం చేసి పంపండి, చూస్తాం అన్నారు. తీర్మానానికి సభ పెడితే పదిమంది వార్డు మెంబర్లలో ముగ్గురొచ్చారు. అందులో ఒకాయన చాయ్ ఉందేమోనని వచ్చాడు. పాస్టరు గారు ప్రార్థన చేద్దామన్నారు. చేశారు కూడా. బోధన్‌లో భానుప్రసాద్ అనే వకీలు ఒక్కడే కాగితాలన్నీ ఓపికగా చదివాడు.

"గెలుస్తమమ్మా, ఢోకా లేదు. ఇద్దరు సాక్షులను పట్టుకరా" అన్నాడు.

"ఎప్పటికి గెలుస్తం సార్?"

"గదొక్కటి అడగకు" అన్నాడు ఆయన, పైన ఫ్యాన్ వైపు చూస్తూ.

ఇద్దరంటే ఇద్దరు సాక్షుల కోసం ఎస్తర్ వాడకట్టులో ప్రతి గడపా ఎక్కింది. నిన్నటిదాకా ఆ ఇడ్లీలు తిన్న నోళ్ళే, ఏం ఇడ్లీ, ఏం సువర్ణ అన్నాయి. కట్టుకున్న మొగుడు దాసు కూడా, "నా ఆటో ఎవ్వలెక్కరు మల్ల" అని మొహం తిప్పుకున్నాడు. చివరికి అత్త ఎల్లవ్వ ముందుకొచ్చింది. డెబ్బై ఏళ్ళ మనిషి, రోజూ సాయంత్రం బడి గేటు దగ్గర శనగ గుడాలు ఉడకబెట్టి అమ్ముకుంటుంది.

"తే, నేనేస్త వేలిముద్ర. జుర్మానా ఎవని మొకాన కొడ్తరో కొట్టమను" అంది.

ఒక సాక్షి దొరికింది. రెండో సాక్షి దొరకనే లేదు.

ఈ లోపల ఊరి నీళ్ళ మోటరు కాలిపోయింది. పంచాయతీ చెక్కు మీద సర్పంచ్ సంతకం చాలదు, ఉపసర్పంచ్ సంతకం కూడా ఉండాలి. ఆయన పెళ్ళికి పోయాడు. సంతకం పెట్టినా బిల్లు ఎన్నడు పాసవుతుందో దేవుడికే తెలియాలి. కమిటీ మాత్రం పొద్దున మోటరు పైకి తీయించి, సాయంత్రానికి బాగుచేయించి దింపింది. కమిటీ లేకపోతే మన గతేమిటని జనం బిందెలు నింపుకున్నారు. ఎస్తర్ కూడా నింపుకుంది, ఏం చేస్తుంది మరి! మంచి పనికీ వాళ్ళే, చెడ్డ పనికీ వాళ్ళే, తనేమో మధ్యలో ముద్ర పట్టుకుని కూర్చోవాలి. ఆ రోజు ఆమెకు కమిటీ మీద కంటే తన కుర్చీ మీద ఎక్కువ కోపం వచ్చింది.

సువర్ణ పెద్దకూతురు కాలేజీ మానేసి బీడీల చాట ముందేసుకుంది. అది చూసినప్పటి నుంచి ఎస్తర్‌కు అన్నం సహించలేదు. వారం వారం బోధన్ పోయి వకీలు ముందు కూర్చునేది. కేసు కదలలేదు, దసరా మాత్రం వచ్చింది. పాట ఎవరు పాడారో, ఎంతకు పాడారో ఎస్తర్ అడగలేదు. తన ముద్రకు పాటతో పనేముంది?

పండగ పోయిన నాలుగో రోజు పొద్దున సువర్ణ టిఫిన్ డబ్బాతో వచ్చింది. మొహంలో కళ వచ్చింది.

"హోటల్ పాట నేనే పాడినక్కా. చెవుల కమ్మలు అమ్మిన, సంఘంల లోను తీసిన. పిల్ల రేపటి సంది కాలేజీకి పోతది. ఇగో, వేడిగున్నయి, తిను."

ఎస్తర్‌కు ముందు సంతోషమే అయింది. పోనీలే, పొయ్యి వెలిగింది కదా అనుకుని ఇడ్లీ తుంచి నోట్లో పెట్టుకుంది. సువర్ణ మాత్రం వెళ్ళకుండా గోడకానుకుని నిలబడింది.

"ఒక్క మాటక్కా. గుడాలు బంద్ చేపియ్యాలె."

"ఎవ్వల గుడాలు?"

"ఎల్లవ్వయి. ఈసారి పాటల ఉడకబెట్టినయి, వేయించినయి అన్నీ కలిపిండ్రు."

"కలపమని ఎవ్వలన్నరే?"

"నేనే అన్న. గంత కట్టినంక కలపరా మరి?"

ఎస్తర్ చేతిలో ఉన్న ఇడ్లీ ముక్కను డబ్బాలో పడేసింది. "నీకు సాక్ష్యం చెప్తనని ఊరంతట్ల ఒక్క ముసల్ది వేలిముద్ర ఏస్తే, దాని కడుపు మీదనే కొడ్తవా? సిగ్గు లేదా నీకు?" అని అరిచింది.

"నాకు తెల్వదా అక్కా?" సువర్ణ కూడా గొంతు పెంచింది. "నువ్వు సట్టం సట్టం అని తిరిగినవు. నీ కాళ్ళు మొక్కుత, కాదన. కని ఆ సట్టం నా పొయ్యి ముట్టిచ్చిందా? నా బిడ్డ సదువు బందైంది. కమిటీ కాడ పాట పాడిన, తెల్లారి పొయ్యి ముట్టిచ్చుకున్న. రాజారాం పటేలుకు గుడాల ముచ్చట చెప్తే, గది సర్పంచ్ ఇంటి మాట, సర్పంచే చూసుకుంటది అన్నడు."

పదవిలోకి వచ్చాక కమిటీ తనకు అప్పజెప్పిన మొదటి పని ఇదన్నమాట! ఎస్తర్‌కు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఇంతలో వెనక గదిలోంచి ఎల్లవ్వ కొంగు దోపుకుంటూ బయటికొచ్చింది. అంతా విన్నట్టే ఉంది.

"నీ పాట ఎన్నటిదాకనే?"

"వచ్చే దసరా దాక, అవ్వా."

"అయితే వచ్చే దసరాకు నేను పాడుత. గప్పుడు నీ ఇడ్లీలు బంద్ వెట్టిస్త, సూడు!"

"పాడు, ఎవ్వలొద్దన్నరు?"

ఎస్తర్ డబ్బా మూత విసిరికొట్టింది. "అసలు ఆ పాట ఏందని మీ ఇద్దర్ల ఒక్కలన్నా అడుగుతున్నరా? మన పొయ్యి మీద మనం వండుకోని అమ్ముకునేదానికి వాళ్ళ పెత్తనమేంది? పాటనే లేకుంటే నీ ఇడ్లీలు నువ్వు అమ్ముకుంటవు, అత్త గుడాలు అత్త అమ్ముకుంటది. ఎవ్వల నోరు ఎవ్వలు కొట్టేదుంటది?"

ఇద్దరూ జగడం ఆపి ఆమె వైపు చూశారు.

"పాట లేకుంటే ఎట్లక్కా?" అంది సువర్ణ, నిజంగానే అర్థం కాక. "అందరు పొయ్యి వెట్టుకుంటే నేను కట్టింది ఏం గావాలె?"

ఎల్లవ్వ కూడా, అది న్యాయమే కదా అన్నట్టు కోడలి మొహంలోకి చూసింది.